కుర్చీలో మనిషి మారితే...

అగ్రరాజ్యంలో అధినేత మారాడనగానే "ఎవరొస్తే ఏంటి, అంతా ఒకే తాను గుడ్డలే" అనేస్తాం. చాలాసార్లు అది నిజమే. 1982 నవంబరులో సోవియట్ అధినేత బ్రెజ్నెవ్ పోయాక మాస్కోలో ఆంద్రోపోవ్ వచ్చాడు, ఆయన పోతే చెర్నెంకో వచ్చాడు. ఇద్దరూ జబ్బు మనుషులే. ఇద్దరి పాలనా కలిపినా రెండున్నరేళ్లు లేదు. అమెరికాతో పేచీ మాత్రం ఎక్కడిదక్కడే ఉంది.

1985 మార్చిలో 54 ఏళ్ల గోర్బచేవ్ కుర్చీ ఎక్కాడు. పదవిలో తన మొదటి నాలుగేళ్లలో ఒక్క సోవియట్ అధినేతనీ కలవని అమెరికా అధ్యక్షుడు రీగన్, ఇతన్ని ఏకంగా ఐదుసార్లు కలిశాడు. జెనీవాలో తొలి భేటీ ఫొటోలు చూడండి. నవంబరు చలిలో 74 ఏళ్ల రీగన్ ఉత్త సూటుతో మెట్ల మీదికి ఎదురొచ్చాడు. వయసులో ఇరవై ఏళ్లు చిన్నవాడైన గోర్బచేవేమో ఓవర్‌కోటు, మఫ్లరు, టోపీతో కారు దిగాడు! 1987లో ఇద్దరూ మధ్యశ్రేణి క్షిపణుల ఒప్పందం మీద సంతకాలు పెట్టారు. 2,692 క్షిపణులు తుక్కయ్యాయి.

ఇదంతా ఒక్క మనిషి చలవేనా? ఆయుధాల ఖర్చూ, అఫ్గాన్ యుద్ధమూ అప్పటికే సోవియట్ నడ్డి విరుస్తున్నాయి. రాజీ అవసరం ముందునుంచీ ఉంది, దాన్ని పైకి ఒప్పుకునే మనిషి అప్పుడు దొరికాడు. అవతల కూడా నమ్మి చెయ్యి చాపేవాడు ఉన్నాడు. ఈ మూడింట్లో ఏది లేకపోయినా కథ నడిచేది కాదు.

అందుకే ఏ పెద్ద దేశంలో నాయకుడు మారినా, ఆయన తొలి ప్రసంగం కన్నా ముందు ఆ దేశం బొక్కసం ఎలా ఉందో చూస్తాను.