ఎలా విసిరావు?

పిల్లలు ఫోన్‌లో ఏ ఆట ఆడుతున్నారో మనకు తెలుసు. ఎంతసేపు ఆడుతున్నారో లెక్క కూడా పెడతాం. ఆ ఆట లోపల ఏ లెక్కలు నడుస్తున్నాయో మాత్రం మనలో చాలామందిమి చూడం. నేను చూడటానికి కారణం నా ఉద్యోగం. పదిహేనేళ్లుగా బీమా కంపెనీలో పనిచేస్తున్నాను. "ఇది జరగడానికి ఎంత అవకాశం ఉంది?" అన్న ప్రశ్న మీదే మా ఆఫీసు నడుస్తుంది. ఎనిమిదో తరగతి చదివే మా పాప, నాలుగో తరగతి చదివే మా బాబు ఆడే పోకెమాన్ గో కూడా అదే ప్రశ్న మీద నడుస్తుందని తెలిశాక, వాళ్ల పక్కన కూర్చుని నేర్చుకున్నాను.

ఈ ఆట తెలియని తల్లిదండ్రుల కోసం కొంచెం పరిచయం. పోకెమాన్ 1996 ఫిబ్రవరిలో జపాన్‌లో, గేమ్ బాయ్ అనే చేతిలో పట్టే చిన్న యంత్రం మీద మొదలైంది. దాన్ని సృష్టించిన సతోషి తజిరికి చిన్నప్పుడు పురుగుల్ని పట్టి దాచుకోవడం మహా సరదా. ఆ సరదాలోంచే ఆట పుట్టింది. 2016లో ఫోన్ల కోసం పోకెమాన్ గో వచ్చింది. అదే ఏడాది డిసెంబరులో మన దేశానికీ వచ్చింది. ఇంట్లో సోఫాలో కూర్చుంటే ఈ ఆట పెద్దగా సాగదు. బయట నడుస్తుంటే ఫోన్‌లోని మ్యాప్ మీద రకరకాల జీవులు కనిపిస్తాయి. ఒకదాన్ని ముట్టుకుంటే అది ఎదురుగా వచ్చి నిలబడుతుంది. అప్పుడు వేలితో బంతి విసరాలి. తగిలితే ఆ జీవి బంతిలోకి వెళ్లిపోతుంది, బంతి కిందపడి ఊగుతుంది. మూడుసార్లు ఊగి మూసుకుపోతే దొరికినట్టు. మధ్యలో తెరుచుకుంటే జీవి బయటికి వచ్చేస్తుంది. ఒక్కోసారి అటునుంచి అటే పారిపోతుంది కూడా.

బంతి ఊగే ఆ రెండు మూడు క్షణాల్లో మా బాబుని చూడాలి. ఊపిరి బిగబట్టి, బొటనవేలితో స్క్రీన్‌ను గట్టిగా నొక్కి పట్టుకుంటాడు. "అక్కా, ఇలా నొక్కితే తప్పించుకోలేదు!" అంటాడు. పాత గేమ్ బాయ్ రోజుల్లో పిల్లలు కూడా ఇలాగే బటన్ నొక్కి పట్టుకునేవారట. నిజానికి బంతి తగిలాక మనం ఏం చేసినా ఫలితం మారదు. మనం చేయగలిగిందంతా అంతకుముందే అయిపోతుంది.

మరి అంతకుముందు ఏం చేయొచ్చు? మా పాప నాకు వరసగా చెప్పింది. ఈ ఆటను శ్రద్ధగా గమనించే ఆటగాళ్లు ఎన్నో త్రోలు లెక్కగట్టి తేల్చిన విలువలు ఇవి. మామూలు పోకీ బాల్‌కి 1 అనుకుంటే గ్రేట్ బాల్‌కి 1.5, అల్ట్రా బాల్‌కి 2. విసిరే ముందు రాజ్ బెర్రీ అనే పండు తినిపిస్తే 1.5, బంగారు రాజ్ బెర్రీ అయితే 2.5. బంతిని వేలితో గుండ్రంగా తిప్పి, వంపు తిరిగేలా విసిరితే 1.7. జీవి మీద ఒక రంగు వలయం పెద్దదవుతూ చిన్నదవుతూ ఉంటుంది. అది సగానికి కుదించుకున్నప్పుడు బంతి సరిగ్గా లోపల పడితే మరో 1.5. ఆ వలయం రంగు కూడా సమాచారమే. ఆకుపచ్చ అంటే సులువు, పసుపు, నారింజ దాటి ఎరుపుకి వచ్చేసరికి కష్టం.

వలయం విషయంలో మా పాప వాడే చిట్కా ఒకటుంది. బంతిని వేలితో పట్టుకుని, వలయం తనకు కావలసినంత చిన్నదయ్యేదాకా ఆగుతుంది. అప్పుడు విసరకుండా వేలు తీసేస్తుంది. వలయం ఆ సైజులోనే నిలిచిపోతుంది. తర్వాత ఆ జీవి ఎగరడమో దాడి చేయడమో మొదలుపెట్టేదాకా ఎదురుచూసి, ఆ కదలిక ముగిసే సమయానికి బంతి చేరేలా విసురుతుంది. తొందరపడి విసిరితే జీవి ఎగిరిన క్షణంలో బంతి పక్కకు పోతుంది. "ఆగడం వస్తే సగం ఆట వచ్చినట్టే అమ్మా" అంటుంది.

ఇక లెక్క. ఒక జీవి మామూలు బంతికి దొరికే అవకాశం 20 శాతం అనుకుందాం. అల్ట్రా బాల్‌కి విలువ 2 కాబట్టి అవకాశం 40 శాతం అవుతుందని బాబు అన్నాడు. కాదు, 36 అవుతుంది. విలువ 2 అంటే ఒకే త్రోలో రెండు మామూలు బంతులు విసిరినట్టు. మొదటి బంతి విఫలమయ్యే అవకాశం 80 శాతం. రెండోదీ విఫలమవడం అంటే 80 శాతంలో 80 శాతం, అంటే 64. మిగిలింది 36. పాప క్లాసులో అప్పుడు ఘాతాంకాల పాఠం నడుస్తోంది. "0.8కి ఘాతం 2!" అని తనే పట్టేసింది. గ్రేట్ బాల్, రాజ్ బెర్రీ, వంపు త్రో మూడూ కలిస్తే 1.5, 1.5, 1.7ల లబ్ధం 3.825. 20 శాతం కాస్తా దాదాపు 57 అవుతుంది. వలయం కూడా సగంలో పట్టుకుంటే దాదాపు 72.

నోట్‌బుక్‌లో ఈ 72 రాశాక పాప ఒక మాట అంది. "అయితే అన్నీ కరెక్టుగా చేసినా నాలుగింటిలో ఒకటి పోతుందన్నమాట." అవును. వందలో 28 సార్లు పోతుంది. అలా పోయిన ప్రతిసారీ "నేను తప్పుగా విసిరాను" అనుకుంటే, రేపటి నుంచి మంచి పద్ధతిని మానేసి ఇంకేదో చేయడం మొదలుపెడతాం. అటు తిరిగి చూస్తే, ఏ పండూ లేకుండా నిర్లక్ష్యంగా విసిరిన మామూలు బంతి కూడా 20 శాతం సార్లు పట్టేస్తుంది. దాన్ని చూసి "నాకు బాగా వచ్చు" అనుకోవడం ఇంకా ప్రమాదం.

ఇంకో అపోహ కూడా ఆ నోట్‌బుక్‌లోనే పోయింది. ఐదుసార్లు తప్పిపోయింది కాబట్టి ఆరోసారి తప్పకుండా దొరుకుతుందని బాబు నమ్మకం. బంతికి జ్ఞాపకం ఉండదు. అదే బంతిని అలాగే విసిరితే ఆరోసారి కూడా 20 శాతమే.

ఈ లెక్కలు మాకు నిజంగా అక్కరకు వచ్చింది ఆట బయట. పోయిన ఏడాది పాప ఒక మ్యాథ్స్ పోటీ పరీక్ష రాసింది. నాలుగు నెలలు ఉదయం ఐదింటికే లేచి చదివింది. రెండు మార్కుల తేడాతో రెండో దశకు ఎంపిక కాలేదు. రెండు రోజులు అన్నం సరిగ్గా తినలేదు. మూడో రోజు రాత్రి పుస్తకాలన్నీ అట్టపెట్టెలో సర్దేసి, "నాకు మ్యాథ్స్ రాదమ్మా. వచ్చే ఏడాది నేను రాయను" అంది. మా వారు దగ్గరికి తీసుకుని, "ఈసారి అదృష్టం లేదులే తల్లీ" అన్నారు. ప్రేమతో అన్న మాటే. కానీ పాప ముఖం ఇంకా చిన్నబోయింది. అంతా అదృష్టమే అయితే తను తెల్లవారుజామున లేచిన నాలుగు నెలలకు అర్థం ఏముంది?

నేను ఆ పాత నోట్‌బుక్ తెచ్చి పక్కన కూర్చున్నాను. "ఎలా విసిరావో రాద్దాం. ఏ బంతి, ఏ పండు, వంపు తిప్పావా, వలయం చూసుకున్నావా?" అన్నాను. మొదట విసుక్కుంది. తర్వాత పెన్ను తనే తీసుకుంది. తన చేతిలో ఉన్నవన్నీ ఒక పక్క రాసింది. రోజూ గంటన్నర సాధన చేసింది. పాత ప్రశ్నపత్రాలు పదకొండు రాసింది. తప్పుల పుస్తకం పెట్టుకుంది. రాత్రి పదింటికల్లా పడుకుంది. జ్యామితికి మాత్రం చివరి రెండు వారాలే మిగిలాయి. చేతిలో లేనివి రెండో పక్క రాసింది. పేపర్లో ఏ పాఠం నుంచి ఎన్ని ప్రశ్నలు వస్తాయో తనకు తెలీదు. ఆ రోజు పొద్దున్న జలుబు. మిగతా పిల్లలు ఎలా రాస్తారో తన ప్రమేయం లేనిది.

రెండు జాబితాలూ కాసేపు చూసింది. "వలయం ఒక్కటే సరిగ్గా పట్టుకోలేదు. మిగతావన్నీ బాగానే విసిరాను" అంది. ఆ రాత్రి పుస్తకాలు పెట్టెలోంచి బయటికి వచ్చాయని చెప్పను. వారం పట్టింది. అయితే అప్పటి నుంచి "నాకు రాదు" అన్న మాట వినలేదు. "జ్యామితికి ఎప్పుడు కూర్చోవాలి?" అన్న ప్రశ్న మాత్రం విన్నాను.

ఈ ఆటలో లెజెండరీ అని పిలిచే అరుదైన జీవులు ఉంటాయి. వాటిలో చాలావాటికి మామూలు త్రోతో దొరికే అవకాశం 2 శాతం దగ్గరే. బంగారు రాజ్ బెర్రీ, వంపు, సగం వలయం మూడూ కలిస్తే అది దాదాపు 12 శాతం అవుతుంది. 12 అంటే ఇప్పటికీ చాలా తక్కువ. కానీ అదే శ్రద్ధతో పది త్రోలు వేయగలిగితే, ఒక్కసారైనా దొరికే అవకాశం 72 శాతం దాటుతుంది. శ్రద్ధ లేకుండా పది మామూలు త్రోలు వేస్తే ఆ అవకాశం 18 శాతం మాత్రమే. పోటీ పరీక్షలకు పిల్లల్ని సిద్ధం చేసే మనందరం గోడ మీద రాసి పెట్టుకోదగ్గ లెక్క ఇది. ఒక్క పరీక్షలో గెలుస్తారని ఎవరూ హామీ ఇవ్వలేరు. మంచి పద్ధతిని మానకుండా కొనసాగించే పిల్లలకు మాత్రం కాలం గడిచేకొద్దీ అవకాశాలు పెరుగుతాయి.

పరీక్ష హాల్లో కూడా ఇదే సూత్రం పనిచేస్తుంది. నాలుగు ఆప్షన్ల ప్రశ్నలో కళ్లు మూసుకుని ఒకటి పెడితే 25 శాతం. తప్పకుండా కావని తెలిసిన రెండింటిని కొట్టేయగలిగితే 50. ఆ పెరిగిన 25 శాతం అదృష్టం ఇచ్చింది కాదు, చదువు ఇచ్చింది. లక్కీ పెన్ను జేబులో ఉంటే పిల్లలకు ధైర్యం వస్తుంది, ఉంచుకోనివ్వండి. అది వలయం చిన్నదయ్యేదాకా ఆగే ఓపికకు బదులు మాత్రం కాదు.

ఇది చదివి మీ పిల్లలకు ఈ ఆట కొత్తగా నేర్పమని నేను చెప్పడం లేదు. ఇప్పటికే ఆడుతుంటే మా ఇంటి నియమాలు పనికొస్తాయేమో చూడండి. శని, ఆదివారాల్లో నలభై నిమిషాలు, అదీ పార్కులోనే. పెద్దవాళ్లు ఒకరు వెంట ఉంటారు. బంతి విసిరేటప్పుడు నడక ఆపాలి. రోడ్డు మీద, కారులో ఫోన్ బయటికి రాదు. ఆటలో నాణేలు కొనడానికి కార్డుగానీ, యూపీఐగానీ జతచేయలేదు. ఉన్న బంతులతోనే ఆడాలి. బంతులు పరిమితంగా ఉంటేనే ప్రతి త్రోకీ ఆలోచన వస్తుంది. 13 ఏళ్లలోపు పిల్లల అకౌంటుకు తల్లిదండ్రుల అనుమతి అవసరం. ఆ పని పిల్లలకు వదిలేయకుండా మీరే దగ్గరుండి చేయండి.

పిల్లలు బడి నుంచి రాగానే మనం అడిగే మొదటి ప్రశ్న "ఎన్ని వచ్చాయి?" అది బంతి ఊగాక ఏమైందని అడగడం. అడగొద్దని కాదు, అడగాల్సిందే. దానికి ముందు ఇంకొకటి అడిగితే బాగుంటుంది. ఎలా చదివావు? ఏ పాఠానికి సమయం చాలలేదు? తెలియని ప్రశ్న వచ్చినప్పుడు ఏం చేశావు? మార్కులు బాగా వచ్చిన రోజున కూడా ఇవే ప్రశ్నలు వేయండి. ఊహించి పెట్టిన జవాబులు కలిసొచ్చి వచ్చిన 90కీ, కష్టపడి తెచ్చుకున్న 75కీ తేడా అప్పుడే బయటపడుతుంది. 75 తెచ్చుకున్న బిడ్డ ఆ సాయంత్రం ఒక మెచ్చుకోలు వింటుంది.

మా పాప ఈ ఏడాది అదే పరీక్ష మళ్లీ రాసింది. ఈసారి జ్యామితికి రెండు నెలలు కేటాయించుకుంది. ఫలితాలు ఇంకా రాలేదు. హాల్లోంచి బయటికి వచ్చినప్పుడు, "బాగా విసిరానమ్మా" అంది. ఇద్దరం ఐస్‌క్రీమ్ తిని ఇంటికి వచ్చాం.