మందిరం మీది సిలువ దీపం, గోడ కింది తాబేలు పిల్లలు



పోయిన సంవత్సరం మన మందిరం మీది సిలువ దీపం కొన్ని నెలలు ఎందుకు ఆరిపోయిందని చాలామంది ఫోన్లు చేసి అడిగారు. కువైట్‌లో ఉన్న ఒక తమ్ముడైతే కరెంటు బిల్లు కట్టలేదేమోనని డబ్బులు కూడా పంపాడు. (ఆ డబ్బుతో సండేస్కూలు పిల్లలకు చాపలు కొన్నాము. లెక్క పుస్తకంలో ఉంది.) ఫోన్లో అందరికీ సగం సగమే చెప్పాము. మొత్తం ఇక్కడ వ్రాస్తున్నాము, మా తప్పుతో సహా.

మార్చి నెలలో ఒక శనివారం. తెల్లవారుజామున నాలుగున్నర ప్రార్థనకు తలుపు తీద్దామని వెళ్ళాము. మీరంతా అమ్మగారు అని పిలిచే మా ఇంటావిడ ముందుగా చీపురు పట్టుకుని గోడ వైపు వెళ్ళి, "ఇటు రండి ఒకసారి" అని పిలిచింది. ఆ గొంతు విని ఏదో పాము అనుకున్నాము. సముద్రం వైపు ప్రహరీ గోడ కింద, పొడవునా, నల్లగా చిన్నచిన్నవి పడి ఉన్నాయి. అగ్గిపెట్టె కంటే చిన్నవి. తాబేలు పిల్లలు. కొన్నిటికి చీమలు పట్టాయి. కొన్నిటిని పీతలు లాక్కుపోయిన జాడ ఇసుకలో ఉంది. కొన్ని ఇంకా గోడకేసి తోస్తూనే ఉన్నాయి. గోడ ఎక్కితే ఆ పైన సముద్రం ఉందన్నట్టు, ఆ రెండు చిన్న రెక్కలతో తోస్తున్నాయి. లెక్కపెట్టాము. చచ్చినవి 43, బ్రతికినవి 11. ఆ 11ని పళ్ళెంలో పెట్టుకుని నీళ్ళ దాకా తీసుకెళ్ళి వదిలాము. ఆ రోజు ప్రార్థన ఆలస్యంగా మొదలైంది.

మన యౌవనస్థుల్లో ఒక అబ్బాయి అటవీశాఖ వాళ్ళు గుడ్లు కాపాడే చోట కూలికి పోతుంటాడు. అతన్ని పిలిచి అడిగితే తల దించుకుని చెప్పాడు: "మన లైటేనయ్యా."

ఆలివ్ రిడ్లే అనే ఈ తాబేళ్ళు జనవరి నుండి మార్చి దాకా రాత్రిపూట మన ఒడ్డుకు వస్తాయి. ఒడిశాలో గహిర్మాత, రుషికుల్య దగ్గర లక్షల్లో వచ్చేది ఇదే జాతి. మన మైపాడు, కోడూరు తీరానికి మాత్రం ఒకటీ అరా, ఎవరికీ చెప్పకుండా వచ్చే చుట్టంలాగా వస్తాయి. తల్లి వెనక కాళ్ళతో గుంట తీసి వందకు అటూ ఇటుగా గుడ్లు పెట్టి, పూడ్చి, వెనుదిరిగి చూడకుండా వెళ్ళిపోతుంది. 45 నుండి 60 రోజులు ఇసుక వేడే వాటిని పొదుగుతుంది. ఇసుక ఎక్కువ వేడిగా ఉంటే ఆడపిల్లలు, చల్లగా ఉంటే మగపిల్లలు ఎక్కువ పుడతాయి. గుడ్డు పగిలాక పిల్లలు రాత్రిపూట పైకి వచ్చి, ఎటు వెలుతురుగా ఉంటే అటు నడుస్తాయి. దేవుడు సృష్టించిన రాత్రిలో సముద్రం మీద చుక్కలు, చంద్రుడు మెరిసే దిక్కే ఎక్కువ వెలుతురు. మేమేమో దానికి ఎదురుగా, సరుగుడు చెట్లకంటే ఎత్తున, పన్నెండడుగుల ఎల్‌ఈడీ సిలువ పెట్టి రాత్రంతా వెలిగించాము.

మాకు ఇది కొత్త విషయం కాకూడదు. మా నాయన తెప్ప మీద వేటకు పోయినవాడే. చిన్నప్పుడు మా అవ్వ వెదురు పుల్ల పట్టుకుని ఇసుకలో గుచ్చి చూసేది. పుల్ల మెత్తగా దిగితే అక్కడ తవ్వేది. తాబేలు గుడ్డు ఎంతసేపు ఉడకబెట్టినా తెల్లసొన గట్టిపడదు, జారుగానే ఉంటుంది. ఉప్పు వేసుకుని జుర్రుకునేవాళ్ళం. రుచి ఇంకా గుర్తుంది, దాచడం ఎందుకు. 1972 నాటి వన్యప్రాణి చట్టం కింద ఈ తాబేలు మొదటి షెడ్యూలులో ఉంది. దాన్ని చంపితే మూడేళ్ళకు తగ్గకుండా జైలు. ఆ సంగతి మా అవ్వకు తెలియదు, తెలిసినా మానేదని అనుకోము. ఆకలి ఉన్న ఇల్లు అది.

సెమినరీలో ద్వితీయోపదేశకాండము చదివేటప్పుడు 22వ అధ్యాయం 6, 7 వచనాలు మాకు వింతగా అనిపించేవి. దారిలో పిట్టగూడు కనబడితే పిల్లలను తీసుకోవచ్చు గానీ తల్లిని వదిలేయాలని అక్కడ ఉంది. ఇంత పెద్ద ధర్మశాస్త్రంలో ఇంత చిన్న పిట్ట ఎందుకు? ఆకలి ఉన్నవాడి చేతికే దేవుడు ఒక హద్దు గీశాడని ఇప్పుడు అర్థమవుతోంది. తాబేలు మాట బైబిల్లో వెదికాము. పాత ఇంగ్లీషు బైబిల్లో లేవీయకాండము 11:29లో ఉంటుంది గానీ అది పెద్ద బల్లి అని తర్వాతి అనువాదకులు దిద్దారు. కాబట్టి తాబేలు మీద వచనం దొరకలేదు. యోనా గ్రంథం ఆఖరి వచనం మాత్రం దొరికింది. నీనెవె మనుషులతోపాటు పశువులను కూడా దేవుడు లెక్కలోకి తీసుకున్నాడు.

ఇప్పుడు మా తప్పు. ఆ శనివారమే దీపం ఆపేసి ఉండవచ్చు. స్విచ్చి మా పడకగది గోడకే ఉంది. ఆపలేదు. ఎందుకంటే ఆ దీపం ఎవరు పెట్టించారో మీకు తెలుసు. కొడుకు సముద్రంలో పోయి, శరీరం కూడా దొరకని తల్లి, వచ్చిన పరిహారంలో నుండి తీసి కట్టించింది. ఆమె ముఖం చూసి ఈ మాట ఎలా చెప్పాలో తెలియక రెండు వారాలు గడిపేశాము. రోజూ తెల్లవారుజామున పళ్ళెం పట్టుకుని గోడ వెంబడి తిరిగి, దొరికినవి దొరికినట్టు నీళ్ళలో వదిలాము. అలా తిరగడమే పని చేస్తున్నట్టు అనిపించింది. ఆ రెండు వారాల్లో ఇంకో గూడు పగిలింది. ఆ రోజు మేము నెల్లూరులో ఒక పెళ్ళికి వెళ్ళి ఉన్నాము.

చివరకు సంఘ పెద్దలను కూర్చోబెట్టాము. ఒక పెద్దాయన వెంటనే మత్తయి 5:15 ఎత్తాడు. దీపాన్ని కుంచం కింద దాచమని ప్రభువు చెప్పలేదు కదయ్యా అన్నాడు. ఇంకొకాయన, తెల్లారగట్ల వచ్చే పడవలకు అది గుర్తు, ఫోన్లలో జీపీఎస్ ఉన్నా ముసలివాళ్ళం మేము దీపమే చూసుకుంటాం అన్నాడు. ఇది న్యాయమైన మాట. ఎర్ర వెలుతురు తాబేళ్ళను అంతగా లాగదని ఆ అబ్బాయి చెప్పగానే, ఎర్ర బల్బులు పెడదామని ఒకరు, "ఎర్ర లైటు పెడితే సుందరయ్యగారి జిల్లా కదా, పార్టీ ఆఫీసు అనుకుంటారు" అని మరొకరు. నవ్వుకున్నాము. తర్వాత ఒక తమ్ముడు నవ్వకుండా అన్నాడు: "వందల తాబేళ్ళను చంపేది సోనాబోట్లు. మనల్ని మాత్రం లైటు ఆపమంటారు."

ఈ మాటను తీసిపారేయలేము. తాబేలు గాలి పీల్చే జీవి. పెద్ద బోట్లు లాగే వలలో చిక్కి పైకి రాలేక ఊపిరాడక చస్తుంది. 2025 జనవరిలో చెన్నై తీరానికి వందల కళేబరాలు కొట్టుకొచ్చింది మీరూ వార్తల్లో చూశారు. వలలో ఒక ఇనుప చట్రం, పైన ఒక తెరుపు పెడితే రొయ్యలు లోపలికి పోతాయి, తాబేలు బయటికి పోతుంది. టెడ్ అంటారు. అది వాడటం లేదనే అమెరికా 2019 నుండి మన దేశపు సముద్రపు రొయ్యలు కొనడం ఆపింది. చెరువు రొయ్యకు ఆ ఇబ్బంది లేదు కాబట్టి మన జిల్లాలో ఎక్కువమందికి ఆ సంగతి తగల్లేదు. పెద్ద బోట్లు ఒడ్డు దగ్గరికి వచ్చి మన వాళ్ళ వలలు కూడా చింపుకుపోతాయి. ఆ విషయంలో తాబేలూ మన తమ్ముడూ ఒకే పడవలో ఉన్నారు. కానీ సోనాబోటు మా చేతిలో లేదు, స్విచ్చి ఉంది. ఇదే చెప్పాము. ఆయన ఒప్పుకోలేదు, ఊరుకున్నాడు.

ఇది సువార్త పనేనా అని కూడా ఒకరు అడిగారు. మేము ఒక పాత సంగతి చెప్పాము. మన బాప్టిస్టు మిషనరీ శామ్యూల్ డే దొర నెల్లూరు వచ్చింది 1840లో. ఆ దశాబ్దంలోనే జెర్డాన్ అనే డాక్టరు నెల్లూరులో సివిల్ సర్జనుగా ఉన్నాడు. ఆయన మన యానాదుల దగ్గర కూర్చుని పక్షుల సంగతులు, జంతువుల సంగతులు నేర్చుకున్నాడు. ఆయన పేరుతోనే ఉంది మన కలివికోడి, కడప వైపు మెట్ట పొదల్లో రాత్రిపూట తిరిగే పక్షి. 1900 తర్వాత ఎవరికీ కనబడక, ఇక లేదని అందరూ అనుకున్నారు. 1986 జనవరిలో కడప జిల్లా రెడ్డిపల్లి దగ్గర ఒక పల్లె మనిషి రాత్రి టార్చి వెలుగులో దాన్ని పట్టుకున్నాడు. వెలుగు పడితే కదలకుండా నిలబడిపోయింది పాపం. సాలిం అలీగారు చూడటానికి వచ్చేలోపే అది చనిపోయింది. వెలుగు మంచిదే, ఎవరి కళ్ళలో పడుతుందో చూసుకోవాలి అన్నాము. మత్తయి 5:15 ఎత్తిన పెద్దాయన, "దీపం ఇంట్లో వాళ్ళ కోసమని కూడా ఆ వచనంలోనే ఉంది లే" అని ఆయనే ఒక మెట్టు దిగాడు.

ఆ సాయంత్రమే ఆ అక్క ఇంటికి వెళ్ళాము. విషయం అప్పటికే ఆమెకు చేరింది. మంచినీళ్ళు ఇచ్చి, నిలబడే అడిగింది: "అయ్యగారూ, నా బిడ్డకంటే తాబేలు ఎక్కువా?"

సెమినరీలో దుఃఖంలో ఉన్నవారిని ఆదరించడం మీద ఒక సబ్జెక్టే చదివాము. ఒక్క మాట రాలేదు. లేదక్కా అన్నాము. "వాడు ఏ చీకట్లో ఉన్నాడో, ఎటు రావాలో తెలియక తిరుగుతున్నాడేమోనని పెట్టించాను" అంది. నీ బిడ్డ ప్రభువు దగ్గర ఉన్నాడమ్మా, వాడికి దారి తెలుసు అని చెప్పాల్సిన పాస్టరు మేమే. చెప్పలేదు. ఆమెకు తెలియక కాదు కదా.

నాలుగు రోజుల తర్వాత మా ఇంటావిడ ఏమీ చెప్పకుండా ఆమెను గుడ్లు కాపాడే చోటికి తీసుకెళ్ళింది. అటవీశాఖ వాళ్ళు కంచె కట్టి, ఒక్కో గూటికి తేదీ రాసిన పుల్ల పాతి ఉంచుతారు. ఆ సందెవేళ ఒక గూటి పిల్లలను నీళ్ళ దగ్గర వదులుతున్నారు. వెయ్యిలో ఒకటో రెండో పెద్దవవుతాయని అబ్బాయి చెప్పాడట. "తల్లి ఎక్కడ?" అని అడిగిందట అక్క. తల్లి గుడ్లు పెట్టి వెళ్ళిపోతుందమ్మా, పిల్లలను చూడదు అన్నాడట. చాలాసేపు మాట్లాడలేదట. చీకటి పడ్డాక తిరిగి వస్తూ, దారిలో ఆగి మన సిలువ దీపాన్ని చూసి, "ఇక్కడికి కూడా కనిపిస్తోందే" అందట.

మర్నాడు ఆమే వచ్చింది. ఆపేయండి అంది. ఒక్క రాత్రి మాత్రం వెలిగించాలి అంది: ఏప్రిల్ 11. ఏప్రిల్ 15 నుండి 61 రోజులు వేట నిషేధం కదా, ఇంకో నాలుగు రోజులే ఉందని ఆ అబ్బాయి గాలిని లెక్కచేయకుండా పోయిన రోజు అది. ఏప్రిల్ అంటే గూళ్ళు పగిలే కాలమని ఆమెకూ తెలుసు, మాకూ తెలుసు. సరేనన్నాము. ఒప్పుకోవడం తప్పని ఆ అటవీశాఖ అబ్బాయి ఇప్పటికీ అంటాడు. కావచ్చు.

మిగిలిన రాత్రులకు పడవల కోసం సముద్రం వైపు ఒక చిన్న ఎర్ర బల్బు ఉంచాము. ఏప్రిల్ 11 రాత్రి సిలువ వెలిగించి, గోడ పొడవునా ఆరుగురం కూర్చున్నాము. సోనాబోట్ల మాట అన్న తమ్ముడు కూడా పిలవకుండానే వచ్చాడు, బుట్ట తెచ్చుకున్నాడు. అక్క మాతోనే ఉంది. పాటలు పాడుకున్నాము, టీ తాగాము, దోమలు కుట్టాయి. రెండు గంటలప్పుడు పిల్లలు వచ్చాయి. 70 దాకా ఉంటాయి. మేము అందుకునే లోపు రెండు పీతల పాలయ్యాయి. మిగతావి బుట్టల్లో నీళ్ళ దాకా వెళ్ళాయి. అక్క బుట్ట చేతికి తీసుకోలేదు. ఒక్కొక్కటిగా కొంగులో వేసుకుని తీసుకెళ్ళింది.

ఈ సంవత్సరం జనవరి మొదటి వారం నుండి దీపం ఆపుతున్నాము, మే నెలాఖరు దాకా. ఏప్రిల్ 11 రాత్రికి గోడ దగ్గర కూర్చోవడానికి ఇంకో నలుగురు కావాలి. పేర్లు మా ఇంటావిడకు ఇవ్వండి. టార్చిలు తేవద్దు, తప్పదంటే ఎర్ర కాగితం చుట్టి తెండి. పీతలను తోలడానికి ఒక కర్ర, రెండు బుట్టలు చాలు.