మర్ఫా యెవరిది?

ఆఫ్రికా సంతతి సంగీతకారులు పూర్వీకుల గడ్డను వెతుక్కుంటూ పోవడాన్ని గూర్చి విశాఖపట్నంలో మా విద్యార్థులతో మాట్లాడుతూ వుంటే ఒకరు అడిగారు: “మన తెలుగునాట ఆఫ్రికా వారు లేరా, మాస్టారూ?”

వున్నారు. హైదరాబాదులో ఏ.సి. గార్డ్స్ అనే పేట వుంది. ఆ అక్షరాలు ‘ఆఫ్రికన్ కావల్రీ’ అన్న మాటలవి. అది వనపర్తి రాజు నుంచి నిజాం కొలువుకు చేరిన సిద్దీల గుర్రపుదళం. 1948లో హైదరాబాదు సంస్థానం భారతదేశంలో కలిసిన తరువాత దళం రద్దయింది. జీతం పోయింది, డోలు మిగిలింది. సిద్దీలూ, యెమెన్ నుంచి వచ్చిన అరబ్బు సిపాయిలూ తెచ్చిన మర్ఫా నేటికీ అక్కడి పెళ్ళిళ్ళలో మోగుతూనే వుంది. పెళ్ళివారు గంతులేస్తారు. వాయించేవాని తాత యే దేశంవాడో అడిగేవారు తక్కువ.

1980 ఏప్రిల్‌లో జింబాబ్వే స్వాతంత్ర్యోత్సవంలో జమైకా గాయకుడు బాబ్ మార్లీ పాడాడు. ఘనమైన ఘట్టమే. కాని ఆ రాత్రి గేటు బయట ఆగిపోయిన జనం మీద పోలీసులు బాష్పవాయువు వదిలారు. మాతృభూమిలోనైనా గేటు యెవరికి తెరుచుకుంటుందన్న ప్రశ్న తప్పదు. పాల్ రోబ్సన్ దారి వేరు. 1930లలో లండన్‌లో ఆఫ్రికా భాషలు నేర్చి, ఆ ఖండాన్ని చదువుతో చేరుకున్నాడు.

టిక్కెట్టు డబ్బూ, చదువుకునే తీరికా రెండూ లేని సిద్దీ మాటేమిటి? మనిషిని అమ్మినవాడు అతని వూరి పేరు రాసిపెట్టడు. అయినా గుజరాతు సిద్దీల నాట్యానికి ‘గోమా’ అని పేరు. తూర్పు ఆఫ్రికాలో ‘న్గోమా’ అంటే డోలు, ఆట. వూరు మరచినా మాట మరవలేదు.

ఇక మన సంగతి చూడండి. 1860 నుంచి 1911 వరకు లక్షా యాభైవేలకు పైగా భారతీయ కూలీలు నేటాల్‌కు పోయారు. చాలామంది అక్కడి చెరకుతోటల్లో చాకిరీ చేశారు. మన విశాఖ జిల్లావారూ మద్రాసు రేవులో వోడ యెక్కినవారే. అక్కడి తెలుగువారు 1931లో ఆంధ్ర మహాసభ పెట్టుకున్నారు. తెలుగు మాట్లాడలేని మనుమడు అక్కడ తెలుగు భజన పాడితే మన కళ్ళు చెమరుస్తాయి, “మనవాడే” అంటాం. మంచిదే. మరి మర్ఫాను పెళ్ళిబాజా అనేసి వూరుకోవడం యేం న్యాయం?

ఇది రక్తబంధం కాదు, శ్రమబంధం. ఒకే సముద్రం మీద ఇటు అమ్ముడై వచ్చినవారూ, అటు వేలిముద్ర వేసి పోయినవారూ ఒకే లాభాపేక్షకు బలి అయ్యారు. సిద్దీ కళాకారుడు ఆఫ్రికా చూడాలి. చూసే రోజు రావాలి. అంతకుముందు మన పాఠ్యపుస్తకంలో అతని చరిత్రకు ఒక పుట, పెళ్ళిపందిట్లో అతని చేతికి న్యాయమైన కూలి దక్కాలి. ఈ రెంటికీ వోడ యెక్కనక్కరలేదు.