చిలుము

ఇనుముకు పట్టేది తుప్పు. రాగికీ, ఇత్తడికీ, కంచుకూ పట్టేది చిలుము. రెండూ లోహాన్ని పాడుచేసేవే అయినా మన పెద్దలు వాటికి వేరువేరు పేర్లు పెట్టారు. ఆ పేర్లు పెట్టినవాళ్ళు పాత్రలు తోమిన చేతులవాళ్ళే అయివుంటారని నా నమ్మకం. మనలో కొందరు దాన్నే కిలుము అంటారు. బెంగుళూరులో మా పక్కింటి కన్నడంవారు కిలుబు అంటారు, వెనకింటి తమిళులు కళింబు అంటారు. పేర్లు ఇంచుమించు ఒకటే, రంగు ఒకటే, మూడిళ్ళలోనూ దానికి మందు కూడా ఒకటే: చింతపండు.

అసలు చిలుమంటే ఏమిటి? రాగి గాలిలోని ప్రాణవాయువుతో కలిసి మొదట ఎర్రబారుతుంది, తరువాత నల్లబడుతుంది. ఆపైన తడి, బొగ్గుపులుసు వాయువు తోడైతే ఆకుపచ్చని పొర కడుతుంది. ఈ పొరలో వున్న పదార్థమూ, కొండల్లో దొరికే మాలకైటు అనే పచ్చరాయీ ఒకటే. రష్యా చక్రవర్తులు తమ శీతాకాల సౌధంలో ఒక గది స్తంభాలకు తాపించుకున్నది ఈ రాయినే. పూర్వం ఈజిప్టు దేశస్థులు నూరి కళ్ళకు పెట్టుకున్నదీ ఇదే. రాగి ఖనిజం వున్నచోట పైనున్న రాళ్ళమీద పచ్చటి మరకలు కనిపిస్తాయి. భూగర్భశాస్త్రజ్ఞులు వాటిని పట్టుకునే లోపలికి వెడతారు. మన వినుకొండ దగ్గరి అగ్నిగుండాలలోను, ఇక్కడ చిత్రదుర్గం దగ్గరి ఇంగళదాళులోను రాగి వున్నది. రాయిలోనుంచి బొగ్గుల నిప్పుమీద మనం లాగిన రాగి, మన అటకమీద కూర్చుని మళ్ళీ రాయి కావాలని చూస్తుందన్న మాట.

అయితే పచ్చగా వున్నదంతా ఒకటి కాదు. దీపపు కుందుల అడుగున జిడ్డుగా అంటుకునే పచ్చదనం మాలకైటు కాదు; నూనెలోని ఆమ్లాలు రాగితో కలిసి కట్టిన ఒక రకం సబ్బు. అది వేణ్ణీళ్ళకూ, సున్నిపిండికీ వదులుతుంది. ఇత్తడి చెంబుమీద అక్కడక్కడ గులాబిరంగు మచ్చలు వస్తే అది చిలుమే కాదు, ఇత్తడిలోని తుత్తునాగం కరిగిపోయి రాగి మిగలడం. మజ్జిగా, పులుసూ కళాయిలేని ఇత్తడి గిన్నెలో పోస్తే వికారమూ, వాంతులూ ఎందుకవుతాయో మా అమ్మమ్మ తరంవారికి శాస్త్రం తెలియకపోయినా బాగా తెలుసు. కళాయివాడు కొలిమి పెట్టి, గిన్నె కాచి, నవాసారం చల్లి, తగరం పూసి, దూదితో ఒక్క తుడుపు తుడిస్తే లోపల వెండిలా మెరిసేది. చిక్కపేట సందుల్లో ఇత్తడి సామాను ఇప్పటికీ కావలసినంత దొరుకుతుంది. కళాయివాడి కేక మటుకు మా వీధిలో వినబడి చాలా యేళ్ళయింది.

చిలుములో మంచి చిలుము వుంది, చెడ్డ చిలుము వుంది. గట్టిగా, నున్నగా, ముదురు పచ్చగా లోహాన్ని అంటిపెట్టుకుని వున్నది మంచిది. అది కవచంలాగా లోపలి రాగిని కాపాడుతుంది. న్యూయార్కు రేవులో 1886లో నిలబెట్టిన స్వేచ్ఛాదేవి విగ్రహం ఇందుకు ఉదాహరణ. ఆవిడ మొదట కొత్త కానిలా ఎర్రగా వుండేది. 1920 ప్రాంతానికి పూర్తిగా పచ్చబడింది. ఆ రాగిరేకు మందం రెండున్నర మిల్లీమీటర్లకు లోపే. అయినా ఉప్పుగాలిలో నూరేళ్ళు నిలిచింది. చెడింది రాగి కాదు, లోపల ఆసరాగా వున్న ఇనుప బద్దలు. రాగీ ఇనుమూ ఒకదానికొకటి తగిలి, మధ్య తడి చేరితే, రాగి సుఖంగా వుండి ఇనుము తినబడుతుంది. 1984 మొదలు 1986 దాకా మరమ్మతు చేసి ఆ బద్దలు తీసి స్టెయిన్‌లెస్ స్టీలువి వేశారు. మన దేవనహళ్ళి విమానాశ్రయం దగ్గర 2022 నవంబరులో ఆవిష్కరించిన కెంపేగౌడ విగ్రహం కూడా పైన కంచు, లోపల ఉక్కే: 108 అడుగుల ఎత్తు, 98 టన్నుల కంచు, 120 టన్నుల ఉక్కు. శిల్పి రామ్ సుతార్. మనుమల్ని విమానం ఎక్కించడానికి వెళ్ళినప్పుడల్లా ఆయన ఎన్నేళ్ళకు పచ్చబడతాడో అనుకుంటూ వుంటాను. నేను చూడబోనుగాని, ఇక్కడ సముద్రం లేదు కనక తాపీగానే పచ్చబడతాడు.

రాగి నిలుస్తుందన్న నమ్మకం మనవారికి వుండబట్టే గదా దానాలూ, శాసనాలూ రాగిరేకులమీద చెక్కించారు! తాళ్ళపాకవారి కీర్తనల సంగతి మనందరికీ తెలిసిందే. అన్నమాచార్యులు 1503లో కాలంచేశారు. కుమారుడు పెదతిరుమలాచార్యులు కీర్తనలను రేకులమీద చెక్కించి తిరుమల గుడిలో అరలో దాచారు. 1816లో తెలుగు వ్యాకరణం అచ్చువేసిన కేంబెల్ దొర, ఆ రేకుల సంగతి విని మనిషిని పంపి చూపించి, ఒక వ్యాకరణ గ్రంథం తప్ప మిగిలినవన్నీ దేవుడి పాటలేనని రాసి వూరుకున్నాడు. పాపం, ఎంత నిధి చేతికొచ్చి జారిందో ఆయనకు తెలియదు. మరో నూరేళ్ళకు, 1922లో, సాధు సుబ్రహ్మణ్యశాస్త్రిగారి పూనికతో ఆ రేకులు మళ్ళీ వెలుగుచూశాయి. అక్షరం చెడకుండా వుండబట్టే ఇవాళ మన పిల్లలు పాడుకుంటున్నారు.

ఇక చెడ్డ చిలుము. దీని కథ మా ఇంటి కథ కనక కాస్త వివరంగా చెబుతాను.

మా పూజలో జానెడు ఎత్తు వేణుగోపాలస్వామి వున్నాడు. పంచలోహమంటారు, నిజానికి అందులో ముప్పాతికకు పైగా రాగే. మా మామగారి తండ్రి బందరునుంచి బెంగుళూరు వస్తూ ఒళ్ళో పెట్టుకుని తెచ్చారట. 1864 నవంబరు 1వ తేదీ రాత్రి బందరును ముంచిన ఉప్పెనలో ఇల్లు పోయి, స్వామి ఉప్పు బురదలో కూరుకుపోయాడనీ, కొన్నాళ్ళకు పునాది తవ్వుతుంటే దొరికాడనీ ఇంట్లో చెప్పుకుంటారు. ఆ ఉప్పెనలో ముప్పైవేలమంది పోయారన్నది చరిత్ర. స్వామి దొరకడం మటుకు మా ఇంటి మాట.

మూడేళ్ళ క్రితం శ్రావణమాసంలో స్వామి ఎడమ పాదం దగ్గర, వంచిన మడమ మీద, లేతపచ్చని పొడి కనిపించింది. అత్తగారు చింతపండులో ఉప్పు కలిపి తోమారు. బంగారంలా మెరిసింది. పదిహేను రోజులకు అదే చోట మళ్ళీ పొడి. మళ్ళీ తోమారు. దీపావళికి మడమలో ఆవగింజంత గుంట పడింది.

మ్యూజియములలో లోహవిగ్రహాలు బాగుచేసే ఉద్యోగం చేసి విరమించిన తెలుగాయన ఒకరు మా వీధిలో వున్నారు. భూతద్దం పెట్టి చూసి, సూదిమొనతో గుంటను తాకి, “ఇది మామూలు చిలుము కాదమ్మా, కంచుకు వచ్చే జబ్బు” అన్నారు. అత్తగారు నొచ్చుకున్నారు. “దేవుడికి జబ్బేమిటి నాయనా!”

ఆయన చెప్పింది నాకు అర్థమైనంతలో ఇది. ఉప్పులోని క్లోరైడు రాగితో కలిసి లోపల, పైపొరకు అడుగున, మైనంలాంటి బూడిదరంగు పదార్థంగా దాగివుంటుంది. పొడిగా వున్నంతకాలం దానివల్ల బాధలేదు. తడిగాలి తగిలిందా, అది ప్రాణవాయువుతో కలిసి లేతపచ్చని పొడిగా మారి, ఆ మార్పులో ఉదజహరికామ్లాన్ని విడుస్తుంది. ఆ ఆమ్లం కొత్త రాగిని తిని మళ్ళీ ఆ మొదటి పదార్థాన్నే తయారుచేస్తుంది. మళ్ళీ తడి, మళ్ళీ పొడి. అప్పుతీర్చిన ప్రతిసారీ అసలు అలాగే వుండిపోయే వడ్డీవ్యాపారం లాంటిది. పందొమ్మిదో శతాబ్దం చివర ఫ్రెంచి రసాయనవేత్త బెర్తెలో ఈ చక్రాన్ని కనిపెట్టాడు. ఆ పచ్చపొడి అటకమైటు అనే ఖనిజపు కుటుంబంలోది. చిలీ దేశంలో అటకామా ఎడారి పేరుమీద దానికా పేరు వచ్చింది. లోకంలో బహు పొడి ప్రదేశాల్లో అదొకటి. మా స్వామిని తినేది తడి, తినగా మిగిలినదానికి ఎడారి పేరు!

ఉప్పెన వెళ్ళి నూట అరవై యేళ్ళు దాటినా దాని ఉప్పు వెళ్ళలేదన్న మాట. చింతపండు పైనున్న పచ్చదనాన్ని కరిగిస్తుందిగాని లోపలి క్లోరైడును లాగదు. అందులో కలిపిన ఉప్పు దానికి తోడవుతుంది. కొబ్బరినీళ్ళ అభిషేకంలోనూ క్లోరైడు వున్నది. మడతల్లో, వేళ్ళ సందుల్లో నిలిచి అక్కడే ఆరుతుంది. పైగా మన బెంగుళూరులో మార్చి మధ్యాహ్నాలు పొడిగా వున్నా, వానాకాలపు పొద్దుటిపూట గాలిలో తేమ ఎనభై శాతం దాటుతుంది. ఈ జబ్బు వున్న విగ్రహాన్ని నలభై శాతానికి లోపు తేమలో వుంచాలంటారు.

“వైద్యం లేదా?” అన్నారు మావారు. వుంది. పొడిని సూదితో తీయాలి. స్వేదనజలంలోనో, చాకలిసోడా, వంటసోడా కలిపిన నీటిలోనో వారాలకొద్దీ నానబెట్టి, నీళ్ళు మారుస్తూ క్లోరైడును బయటికి రప్పించాలి. మ్యూజియంవారైతే ఆపైన బెంజోట్రయజోలు అనే మందులో ముంచుతారు. 1960ల చివరినుంచి అది వాడుకలో వున్నది. రాగిమీద పల్చని పొర కట్టి తడిని ఆపుతుంది. ఆయన అక్కడ ఆగి, “ఇది విషపదార్థం. మీరు అభిషేకతీర్థం పుచ్చుకుంటారు గదా” అన్నారు.

ఇల్లంతా వారంరోజులు ఇదే చర్చ. మందు వేయిస్తే తీర్థం లేదు. వేయించకుండా ఎప్పటిలా అభిషేకం చేస్తూపోతే మడమ విరుగుతుంది. అవయవం విరిగిన మూర్తికి పూజ వుండదు, నీళ్ళలో కలపవలసిందే. మావాడు, “అద్దాల పెట్టెలో పెట్టి తాళం వేయండి, షోకేసు బొమ్మలా వుంటాడు” అన్నాడు. వాడి నాయనమ్మ ఆ పూట అన్నం తినలేదు. వాడి వుద్దేశం మంచిదేగాని, తొంభైయేళ్ళ మనిషి ముందు ఆడే మాట కాదది.

దారి తిరుమలనుంచి దొరికింది. మా పురోహితులు చెప్పారు: అక్కడ నిత్యాభిషేకం వెండి మూర్తి అయిన భోగశ్రీనివాసుడికి, ఊరేగే మలయప్పస్వామికి కాదు. మలయప్పస్వామికీ దేవేరులకూ తిరుమంజనాలవల్ల అరుగుదల రాకుండా ఏటా జ్యేష్ఠమాసంలో మూడురోజులు జ్యేష్ఠాభిషేకం చేసి, చివరిరోజున బంగారు కవచం తొడుగుతారు. 2022లోనైతే ఉత్సవమూర్తుల రక్షణకోసమే విశేషపూజ, సహస్రకలశాభిషేకం, వసంతోత్సవం అనే సేవలను ఏడాదికి ఒకసారికి కుదించారు. అక్కడి కారణం అరుగుదల, ఇక్కడిది ఉప్పు. అయినా మూర్తిని కాపాడుకోవడంకోసం అభిషేకం తగ్గించడం అపచారం కాదని తేలింది.

“కొండమీద స్వామికే లేనిది నాకెందుకు పట్టుదల” అన్నారు అత్తగారు. ఆవిడ చేతి గాజు ఒకటి కరిగించి, ఇంకొంచెం వెండి చేర్చి, బొటనవేలంత బాలకృష్ణుణ్ణి చేయించాము. రోజూ పాలూ, నీళ్ళూ, తీర్థమూ ఆ బాలుడివి. పెద్ద స్వామి రెండున్నర నెలలు సోడానీళ్ళలోనూ, స్వేదనజలంలోనూ వున్నాడు. విషపు మందు వద్దన్నాము. ఆరబెట్టి మైనపుపూత వేసి ఇచ్చారు ఆయన. డబ్బు పుచ్చుకోలేదు, మా ఇంట్లో గోంగూర పచ్చడి మటుకు కాదనకుండా తీసుకున్నారు. మడమలో గుంట గుంటగానే వున్నది. మెరుపు లేదు, ముదురు గోధుమరంగులో వున్నాడు. అత్తగారికి అలవాటు కావడానికి ఒక సంక్రాంతి పట్టింది.

ఇప్పుడు స్వామి బిగువైన అద్దాల మందిరంలో వున్నాడు. ముందు తలుపు పూజవేళ తెరుస్తాము, పువ్వులు పాదాల దగ్గర విడిగా వెండి పళ్ళెంలో పెడతాము, హారతి కాగానే మూస్తాము. పీఠం వెనక చిల్లుల డబ్బాలో తేమ పీల్చే సిలికా గుళికలు పోశాము. అవి మామూలుగా నారింజరంగులో వుంటాయి. తడి పీల్చుకుంటే పచ్చబడతాయి. మొన్న ఆషాఢంలో అత్తగారు ఆ డబ్బా చూసి, “ఒసే అమ్మాయీ, వీటికీ చిలుము పట్టిందే!” అని నన్ను కేకేశారు. ఓవెనులో కాసేపు వేడిచేసి తెచ్చి చూపిస్తే, మళ్ళీ నారింజరంగుకు తిరిగిన ఆ గుళికల్ని ఒకటొకటే వేలితో కదిపి చూసి, డబ్బా మూత తానే బిగించారు.