అమ్మకు వంత

మా అమ్మ పాటకు వంత పాడినవాడు మనిషి కాడు. కంప్యూటరులోని ఒక బొమ్మ లామా. పేరు డిలే లామా. 2002లో నెదర్లాండ్స్ విద్యార్థులు కొందరు తయారుచేసి ఉచితంగా పంచిపెట్టిన సరదా ప్లగిన్ అది. అంటే పాటలు కట్టే పెద్ద ప్రోగ్రాముకు తగిలించుకునే చిన్న ప్రోగ్రామన్నమాట. మీట నొక్కితే తెరమీద సన్యాసి నోరు తెరిచి రాగం తీస్తాడు. అచ్చులే తప్ప హల్లులు పలకలేడు పాపం!

2007 వేసవిలో, చిలకలూరిపేటలోని మా ఇంట్లో, తమ్ముడు అమ్మను మైకు ముందు కూర్చోబెట్టాడు. పొన్నెకల్లు నాజరుగారి బుర్రకథలు విని పెరిగిన మనిషి మరి, వంత లేని పాట ఉప్పులేని పప్పు అనేది. తానొక చరణం పాడి ఆగితే లామా "ఆ..." అనేవాడు.

"వీడి నోట్లో కిళ్లీ ఉందిరా!" అని నవ్వింది. ఆ నవ్వు కూడా రికార్డయింది.

మొన్న అమ్మ తద్దినానికి చెల్లెలు వచ్చింది. పాట విందామని మేనల్లుడి కొత్త కంప్యూటరులో పెట్టించాం. అమ్మ గొంతు నిక్షేపంగా పలికింది. ఆమె ఆగినచోట మాత్రం నిశ్శబ్దం. మళ్లీ పాడింది, మళ్లీ ఆగింది, ఎవరికోసమో ఎదురుచూస్తున్నట్టు. చెల్లెలు లేచి వంటింట్లోకి వెళ్లిపోయింది.

మనిషి పోయినా గొంతు మిగిలింది. చావులేని యంత్రం మూగబోయింది. ఇదేం విడ్డూరమని అడిగాను.

"అమ్మమ్మది శబ్దం, మామయ్యా. లామాది ఏ స్వరం ఎప్పుడు పలకాలో రాసిన చీటీ మాత్రమే. అది చూసి పాడడానికి ఆయన ఉండాలిగా?" అన్నాడు మేనల్లుడు.

ఆయనేమో 32 బిట్ల కాలంవాడు. ఇప్పటి 64 బిట్ల ప్రోగ్రాములు అటువంటివాళ్లను నేరుగా తమలో కలుపుకోలేవు. ఆపిల్ వారైతే 2019లో, కాటలీనాతో, వాళ్లకు తలుపులే మూసేశారు. విండోసులో ఇంకా చోటుంది. మావాడు వాడే రీపర్ ప్రోగ్రాము, ఉమ్మడి కాపురంలో ఇమడని ముసలాయనకు పక్కన వేరే పొయ్యి పెట్టించి, గోడమీదుగా గిన్నె అందుకున్నట్టు, పాత ప్లగిన్‌ను విడిగా నడిపి శబ్దం మాత్రం తాను తీసుకుంటుందట.

ఇంతకీ లామా ఏడీ? అటకమీద పాత కంప్యూటరు మిర్చి గోతం కప్పుకుని ఉంది. దించేసరికి ఇంటిల్లిపాదికీ తుమ్ములు! అదృష్టం బాగుండి డిస్కు తిరిగింది. ప్లగిన్ ఫైలును కొత్తదాంట్లోకి ఎక్కించి పాట పెట్టాడు.

అమ్మ పాడి ఆగింది. "ఆ..." అన్నాడు లామా. అమ్మ నవ్వింది. వంటింటి గుమ్మంలో చెల్లెలు కూడా నవ్వింది, కొంగుతో కళ్లు ఒత్తుకుంటూ.

మేనల్లుడు అప్పటికప్పుడే లామా గొంతును కూడా మామూలు శబ్దపు ఫైలుగా మార్చి, అమ్మ గొంతు పక్కనే భద్రపరిచాడు. మీ పిల్లలు కంప్యూటరులో పాటలు కడుతుంటే వాళ్లకీ ఈ మాట చెప్పండి. చీటీ ఒక్కటే దాచుకుంటే చాలదు, పాటనూ దాచుకోవాలి.