రాతిలోని చీకటి

2024వ సంవత్సరము నవంబరు మూడవ వారమున, ఢిల్లీ నగరమును, దాని చుట్టునున్న నోయిడా, గురుగ్రామ్, ఘాజియాబాదులను ధూమము కమ్మి, గాలి నాణ్యతా సూచి ఒకనాడు 490 దాటి, బడులన్నియు తరగతులను ఆన్‌లైనుకు మార్చిన ఆ దినములలో, మా నోయిడా ఇంటి పదకొండవ అంతస్తు కిటికీ నుండి ఎదుటి భవనము సైతము కానరాక, ప్రొద్దెంత యెక్కినదో గడియారమును చూచి తెలిసికొనవలసిన స్థితిలో, ఏడవ తరగతి చదువుచున్న నా మనుమడు ల్యాప్‌టాపు ముందర కూర్చుండి, నిర్మలమైన నీలాకాశము క్రింద, చతురస్రములైన మేఘములు తేలిపోవు ఒకానొక లోకములో గొయ్యి త్రవ్వుచుండెను. బయటి గాలి పీల్చ వీలులేని పిల్లవానికి ఆ ఆకాశమైనను దక్కినది గదా యని నేను వాని ప్రక్కన కుర్చీ వేసికొని కూర్చుంటిని. అటుపిమ్మట వారము దినములు ఆ కుర్చీ అక్కడనే యుండెను.

ఆ ఆటను మైన్‌క్రాఫ్ట్ అందురు. స్వీడను దేశస్థుడైన మార్కస్ పెర్సన్ 2009లో ఒంటిచేతితో ఆరంభింపగా, 2011 నవంబరున పూర్ణరూపముతో వెలువడినది. 2014లో మైక్రోసాఫ్ట్ వారు దానిని 250 కోట్ల డాలర్లకు కొనిరి. 2023 నాటికి 30 కోట్ల ప్రతులు అమ్ముడుపోయినవి. ఇందులో కొండ, చెట్టు, మన్ను, ఏరు సమస్తమును ఘనాకారపు దిమ్మెలే. దిమ్మెకొక మీటరు చొప్పున లెక్కించినచో ఆ లోకపు ఈ అంచు నుండి ఆ అంచునకు 60,000 కిలోమీటర్లు, అనగా మన భూగోళపు నడుమునకు ఒకటిన్నర చుట్టు. ఇక క్రిందనో, అంతయు రాయి, రాతి నిండ చీకటి. 2021 నవంబరులో వచ్చిన మార్పుతో సున్నా యనబడు మట్టమునకు దిగువన మరి 64 దిమ్మెల లోతు ఏర్పడినది. వజ్రములు ఆ అడుగునకు పోయినకొలది మిక్కుటము. ఏ రాతి వెనుక నున్నవో మాత్రము త్రవ్వువానికి తెలియదు. కావున పిల్లలు తిన్నగా ఒక సొరంగము త్రవ్వి, దానికి ఇరుప్రక్కల రెండేసి దిమ్మెలు విడిచి శాఖలు చీల్చుకొనుచు, అడుగడుగున కాగడా నాటుకొనుచు, గంటల తరబడి పోవుదురు. దీనిని వారు స్ట్రిప్ మైనింగ్ అందురు. చూడగా చూడగా నాకది ఏతమెత్తినంత ఓర్పుగల పనిగా తోచినది.

మా వాడు ఆడు సర్వరు మా పెద్దబ్బాయి కుమారునిది; అతడు కూకట్‌పల్లిలో పదవ తరగతి చదువుచున్నాడు. నోయిడా నుండి ఒకడు, హైదరాబాదు నుండి ఐదుగురు, విజయవాడ నుండి ఒక ఆడపిల్ల, అమెరికాలోని డాలస్ నుండి ఒకడు, వెరసి ఎనమండుగురు పిల్లలు ఏడాదిగా అందులో ఒక ఊరు కట్టుచున్నారు. ఊరికొక చెరువు, చెరువుగట్టున దిమ్మెలు పేర్చి నిలిపిన మర్రిచెట్టు, చెట్టు క్రింద రచ్చబండ. విజయవాడ పిల్ల కట్టిన వంతెన కొక తూము కూడ నున్నది. వారి సంతలో నాణెము వజ్రమే. మర్రిచెట్టు కొమ్మల కొరకు కలప తెచ్చిన వానికి రెండు వజ్రములని రచ్చబండ వద్ద తీర్మానమైనప్పుడు, ఆ రెండింటికిని ఎవరో ఎన్ని రాత్రులు రాయి కొట్టిరో ఎనమండుగురికిని తెలియును.

అట్టి ఊరిలో మా వాడొకనాడు ఎక్స్‌రే మోడు వేసెను.

వేయుట కష్టమైన విద్య కాదు. ఆట జావా భాషలో వ్రాయబడినది గావున దానిని విప్పి చూచి, మార్చి కూర్చుట తెలిసినవారు లోకమున వేలమంది గలరు. అట్టి మార్పులను తగిలించుటకు ఫోర్జ్, ఫాబ్రిక్ అను ఉపకరణములున్నవి. వానిలో నొకదానిని నెలకొల్పి, మోడ్స్ అను ఫోల్డరులో ఒక ఫైలును వేసి, ఆటను మరల తెరచిన చాలును. ఈ దారినే క్రొత్త వృక్షజాతులు, రైలుబండ్లు, నీటిపై వెన్నెల తళుకులు కూడ ఆ లోకమునకు వచ్చినవి. దారి యందు దోషము లేదు. ఎక్స్‌రే పనిచేయు తీరు మాత్రము నన్ను చాలసేపు ఆలోచింపజేసినది. సర్వరు తన లోకమును పదునారేసి దిమ్మెల చదరపు స్తంభములుగా కోసి, ఆటగాని చుట్టునున్న స్తంభములను, వాని గర్భములో ఏ లోతున ఏమున్నదో ఆ వివరముతో సహా, ముందే అతని కంప్యూటరునకు అప్పగించును. వజ్రమెక్కడ నున్నదో కంప్యూటరునకు తెలిసియే యున్నది. అది రాతిని గీయుచున్నది గావున మన కంటికి తెలియుట లేదు. మోడు క్రొత్తగా దేనిని కనుగొనదు. రాతిని గీయవద్దని చెప్పును, అంతియే. నమ్మి చేతికిచ్చిన మూటను ఇచ్చినవాడు అటు తిరుగగానే విప్పి చూచుట వంటిది.

"తాతయ్యా, చూడు చూడు! మొత్తం కనిపిస్తోంది!" అని వాడు కేకవేసెను. చూచితిని. సత్యము చెప్పవలెనన్న, అది మనోహరముగానే యుండెను. రాయి యంతయు మాయమై, ఆ నల్లని శూన్యములో లేతనీలపు వజ్రములు గుత్తులు గుత్తులుగా, దూరదూరములకు వ్రేలాడుచు, చిన్ననాడు మా ఊరి డాబాపై పరుండి చూచిన అమావాస్యను జ్ఞప్తికి తెచ్చినవి. మూడు నెలలలో ఇరువది వజ్రములైనను కూడబెట్టలేని వాడు గంటలో అరువదినాలుగు తెచ్చెను. మరునాడు మరల అంతే. మూడవనాడు పది నిమిషములకే ల్యాప్‌టాపు మూసి, మంచముపై వెల్లకిల పడి, "బోర్ కొడుతోంది తాతయ్యా" అనెను. అంతకుముందు ఆరు నెలలలో వాని నోట నేనా మాట వినలేదు.

మా చిన్నతనమున దీనికి ఒక పేరుండెను: తొండి. గుంటూరు జిల్లాలోని మా ఊరిలో అరుగుమీద సుద్దతో గళ్లు గీసి అష్టాచెమ్మా ఆడుచుండెడివారము. చింతపిక్కలను గరుకురాతిపై ఒకవైపు అరగదీసి తెలుపు తేల్చి వానినే పాచికలు చేసికొనుట మా వాడుక. మా మేనత్తకొడుకు ఒక పిక్కను ఇతరములకన్న లోతుగ అరగదీసి, ఎట్లు వేసినను తెలుపే పడునట్లు చేసి, రెండు దినములు వరుసగా గెలిచెను. మా నాయనమ్మ ఆ పిక్కను వ్రేళ్ల నడుమ త్రిప్పి చూచి, ఎవరిని ఏమియు అనక, అన్నింటిని పొయ్యిలో వేసెను. ఆ మధ్యాహ్నము మా అరుగున ఆట లేదు. గెలిచినవాడును ఊరక కూర్చుండెను, ఓడినవారమును ఊరక కూర్చుంటిమి.

తన ఒక్కని లోకములో ఎవడేమి చేసికొన్నను నాకు అభ్యంతరము లేదు. వైస్ సిటీ అను ఆట నెట్ సెంటర్లలో వెలిగిపోయిన కాలమున మా అబ్బాయిలు నోటుపుస్తకపు చివరిపుటలో కోడులు వ్రాసికొని పోయెడివారు. పాంజర్ అని టైపు చేసిన యుద్ధశకటము ప్రత్యక్షమగును. ఆ నగరములో బ్రతికియున్న వాడతడొక్కడే గనుక అన్యాయము జరుగుటకు రెండవ మనిషి లేడు. మైన్‌క్రాఫ్టును చేసినవారే క్రియేటివ్ అను రీతిలో దిమ్మెలన్నియు ఉచితముగ ఇచ్చిరి. 2010 డిసెంబరు నుండి నడచుచున్న 2బీ2టీ అను సర్వరులో తొండి చేయుటకు అందరికిని అనుమతియే. అక్కడకు క్రొత్తగా వచ్చినవాడు మొదట అడుగుపెట్టు నేలపై చెట్టు నిలువలేదు, కొండ నిలువలేదు, క్రోసుల తరబడి గోతులు. అదియు నొక ఒప్పందమే. తెలిసి పోవువారు పోవుదురు. మర్రిచెట్టు పేర్చుకొన్న ఊరిలో ఎనమండుగురు చేసికొన్న ఒప్పందము వేరు.

నేనీ ప్రాంతమునకు ఉద్యోగరీత్యా వచ్చి నలుబది యేండ్లు కావచ్చినది. ఇంద్రప్రస్థమిదియే యని జనులు నమ్ము పురానా ఖిలాకు మనుమని తీసికొని పోవుట నాకలవాటు. అక్కడ బి.బి.లాల్ గారు 1954లో ఒకమారు, 1969 నుండి 1973 వరకు మరల త్రవ్వించిరి. 2023లో పురావస్తుశాఖవారు మరల త్రవ్వుచుండగా, నాటి కేంద్ర సంస్కృతి శాఖామాత్యులు, మన తెలంగాణవారైన కిషన్ రెడ్డిగారు వెళ్లి చూచిరి. మొగలాయిల క్రింద సుల్తానులు, వారి క్రింద రాజపుత్రులు, గుప్తులు, కుషాణులు, శుంగులు, మౌర్యులు, ఇట్లు తొమ్మిది పొరలు, 2,500 ఏండ్ల అవిచ్ఛిన్న జీవనము అక్కడ తేలినది. త్రవ్వువారు చిన్న తాపీతో గీకుదురు, కుంచెతో తుడుతురు, పెంకు ఏ పొరలో దొరకినదో వ్రాసికొందురు. పొర తెలియని పెంకు వారికి వట్టి పెంకు. మట్టి యొక్క మందము వారికి అడ్డంకి కాదు, అదియే వారు చదువు గ్రంథము. ఇదంతయు నేను మా వానికి అక్కడ గట్టుమీద నిలుచుండి చెప్పినప్పుడు వాడు విన్నాడో లేదో నాకు తెలియదు.

మయుడు పాండవులకు సభ కట్టియిచ్చినది ఈ నేలమీదనే యని కదా కథ. స్ఫటికపు నేలను నీరనుకొని వస్త్రము నెత్తుకొని, నీటిని నేలయనుకొని మునిగిన సుయోధనుని మనము తరతరములుగా చెప్పుకొనుచున్నాము. ఎక్స్‌రేకు విరుగుడుగా సర్వరు నడపువారు కనిపెట్టిన ఉపాయమును తెలిసికొన్ననాడు నాకు ఆ సభయే మనసున మెదలినది. పేపర్ అను సర్వరు సాఫ్ట్‌వేరులో అట్టి యేర్పాటున్నది: కంటికందని రాళ్ల స్థానమున దొంగ ఖనిజములను నింపి పంపును, రాతిగుండ చూడగోరువానికి దిక్కులన్నిట వజ్రములే కానవచ్చును, దరిజేరి కొట్టిన వట్టి రాయి. కాగడా పట్టుకొని ఓర్పుతో త్రవ్వువానికి మాత్రము ఆ మాయ అంటనే అంటదు. ఎవరు కల్పించిరోగాని, ఇంత న్యాయమైన కల్పనను నేను అరుదుగా చూచితిని.

సభ ఇక్కడ, జూదము హస్తినాపురమున. ఆ హస్తినాపురము గల మీరట్ జిల్లాయు నేడు ఈ రాజధాని ప్రాంతములోనిదే. శకుని పాచికలకు సరిజోడు ఈ ఆటలోను పుట్టినది. డ్రీమ్ అను మారుపేరు గల సుప్రసిద్ధుడైన ఆటగాడు 2020 అక్టోబరులో ఆటను అతివేగముగ ముగించు పందెములు ప్రత్యక్షప్రసారముగ ఆడెను. అందు పిగ్లిన్లు అను వరాహముఖులకు బంగారమిచ్చి మారుగా ఒక ముత్యమును పొందవలెను. ముత్యము దక్కు అవకాశము నూటికి ఐదుకన్న కొంచెము తక్కువ. 262 మార్లు ఇచ్చినచో పండ్రెండు మార్లు దక్కవలసినది, అతనికి 42 మార్లు దక్కెను. ఆ పందెములకు తీర్పరులైనవారు డిసెంబరులో లెక్కకట్టి, కేవలము అదృష్టముచే ఇట్లు జరుగుట 7.5 లక్షల కోట్లలో ఒకటవ వంతనిరి. మొదట కాదనిన అతడే, తన ఆట మార్పబడియుండెననియు, అది తనకప్పుడు తెలియదనియు 2021 మేలో ఒప్పుకొనెను. వేరొక ఆటలో, 2018 అక్టోబరున షాంఘై పోటీలో, మన దేశపు జట్టులోని ఒకడు గురి తప్పని సహాయకారిని వర్డ్ అను పేరుతో కంప్యూటరులో దాచి పట్టుబడెను. చేసినవాడొకడు, జట్టంతయు విచ్ఛిన్నమయ్యెను. తక్కిన నలుగురి మొగములు నాకు తెలియకపోయినను, వారిని తలచినప్పుడెల్ల మనసు కలుక్కుమనును.

ఇట్టి ఫైళ్లలో విషమును ఉండవచ్చునని తల్లిదండ్రులకు చెప్పుట అవసరము. 2023 జూన్‌లో ఫ్రాక్చరైజర్ అను దొంగప్రోగ్రాము, పేరున్న తావులలో లభించు మోడులలోనే దూరి, బ్రౌజరులో దాచుకొన్న లాగిన్ వివరములను అపహరించెను. మంచి మోడులకే ఆ గతి పట్టినప్పుడు, ముక్కు మొగము తెలియనివాడు ఉచితముగ పంచు తొండిమోడును ఇంటి లెక్కలన్నియు గల కంప్యూటరులో వేయుట ఎంతటి సాహసము!

మా వానిని పట్టియిచ్చినది వాడు త్రవ్విన దారియే. ఓర్పుతో త్రవ్వినవాని సొరంగములు దువ్వెనపండ్లవలె తిన్నగా నుండును. పది శాఖలలో తొమ్మిది వట్టివి. మా వానిది వంకరలు తిరుగుచు, ఒక వజ్రము నుండి తిన్నగా మరియొక వజ్రమునకు, మరల అచ్చటినుండి వేరొకదానికి, ఒక్క వృథాప్రయాస లేక పోయినది. కూకట్‌పల్లి అన్న ఆ దారివెంట నడచి చూచి ఫోను చేసెను. "ఒరేయ్, నీ సొరంగంలో ఒక్క తప్పు కూడా లేదేంట్రా?" అని మాత్రమే అడిగెను. వీడు చాలసేపు మాటలాడలేదు, పిమ్మట ఏడ్చెను. నేను లేచి ప్రక్కగదిలోనికి పోతిని.

బ్యాన్ చేయుదురేమోయని వాడు రాత్రియంతయు భయపడెను. చేయలేదు. మోడును తీసివేయవలెను, తెచ్చిన వజ్రములను తిరిగి ఇవ్వవలెను, సొరంగమును రాతితో పూడ్చవలెను అని రచ్చబండ వద్ద తీర్మానమైనది. పూడ్చుట నాలుగు దినములు పట్టినది. ఒక్కొక్క దిమ్మెనే పెట్టుకొనుచు వెనుకకు నడచుచు, నాటిన కాగడాలను పెరుకుకొనుచు వచ్చుచుండగా, తెరపై వాని ముందరి లోకము కొంచెము కొంచెముగ చీకటియగుటను నేను చూచుచుంటిని. వజ్రములను సంతలోని పెట్టెలో వేయబోవునంతలో విజయవాడ పిల్ల, "అక్కడొద్దు. ఎక్కడైనా కిందికెళ్లి రాళ్లలో పెట్టి మూసెయ్. ఎక్కడో మాకు చెప్పకు" అనెను. వాడట్లే చేసెను. నన్నుకూడ ఆ పూట ప్రక్కకు లేచి పొమ్మనెను.

ధూమము తగ్గి బడులు తెరచిరి. రాత్రి భోజనములైన పిమ్మట ఒక గంట మా ఇంట ఆ ఆట సాగుచున్నది. ఏడుగురును త్రవ్వుచునే యున్నారు. నిన్నటికి చెరువుగట్టు దిగువ దాక వచ్చిరి. దూరమో దగ్గరో వాడు చెప్పడు.