ఖుర్సీపార్ మకాంగా

2025 జనవరి 13న పంచాంగంలో రెండు పండగలు ఒకే రోజు పడ్డాయి. మనకు భోగి. ఛత్తీస్‌గఢ్ పల్లెలకు ఛేర్‌ఛేరా. కొత్త వడ్లు ఇంటికి చేరాక, పుష్య పూర్ణిమ నాడు పిల్లలు గుమ్మం గుమ్మం తిరిగి ధాన్యం అడిగే పండగ అది. ఆ తేదీని నడుమ పెట్టుకుని మిగతా ప్రయాణమంతా దానికి అటూ ఇటూ అల్లుకున్నాను. మకాం భిలాయిలోని ఖుర్సీపార్. అక్కణ్ణించి దుర్గ్, రాయ్‌పూర్, చంపారణ్, రాజ్‌నంద్‌గావ్.

ఈ పద్ధతి నాకు ఇటలీ ప్రయాణమొకటి ఆలోచిస్తుండగా పట్టుబడింది. మా అన్నయ్యవాళ్ళు యూరప్ వెళ్తూ, కట్టడాల ముందు ఫొటోలు దిగి రావడం కాకుండా అక్కడి తిండీ పాటా తెలిసేలా దారి వేసిపెట్టమన్నారు. పూటకో ఊళ్ళో పెట్టెలు దించుకునే పని లేకుండా బొలోన్యాలో గది తీసుకోమన్నాను. జున్నుకు పేరుపడ్డ పార్మా, ద్రాక్షరసాన్ని కాచి చెక్కపీపాల్లో ఏళ్ళ తరబడి మాగబెట్టి బాల్సమిక్ వెనిగర్ చేసే మోడెనా ఒకే రైలు దారిలో ఉంటాయి. గోడల నిండా మొజాయిక్ బొమ్మలున్న రవెన్నా మరో దిక్కున, పొద్దున వెళ్ళి సాయంత్రానికి తిరిగి రాగలిగినంత దూరంలో. సంత ఏ రోజు, మ్యూజియం ఏ రోజు మూస్తారు, ఏ నెలలో ఏది పండుతుంది, ఇవన్నీ ముందు రాసి, ఊళ్ళ పేర్లు ఆ తరవాత వేశాను. ఆ కాగితం చేతిలో ఉండగానే మనకు పొరుగునే అలాంటి దారి ఒకటుందని తట్టింది. హౌరా-ముంబయి మార్గంలో రాయ్‌పూర్, భిలాయి, దుర్గ్, రాజ్‌నంద్‌గావ్, డోంగర్‌గఢ్ వరసగా కూర్చుని ఉన్నాయి. వాటి మధ్యలో ఒక తెలుగు బస్తీ ఉంది.

విశాఖ నుంచి దుర్గ్‌కు 2024 సెప్టెంబర్‌లో వందే భారత్ రైలు వేశారు. మధ్యాహ్నం ఎక్కితే ఎనిమిది గంటల్లో, బాగా పొద్దుపోయాక దింపుతుంది. రైలు కొత్తదేగానీ దారి పాతది. పార్వతీపురం నుంచి రాయ్‌పూర్ దాకా పట్టాలు 1931కి పూర్తయ్యాయి. 1933లో విశాఖ రేవు తెరుచుకుంది. మధ్యదేశపు సరుకును సముద్రానికి దించాలని వేసిన ఆ పట్టాల మీదనే పాతికేళ్ళ తరవాత శ్రీకాకుళం, విజయనగరం పల్లెల జనం ఎదురు దిక్కుకు ఎక్కిపోయారు. 1955లో సోవియట్ యూనియన్‌తో ఒప్పందం కుదిరి భిలాయిలో ఉక్కు కర్మాగారం పని మొదలైంది. మట్టి తవ్వడానికి, తట్టలు మోయడానికి, ఇనుప చట్రాలు నిలబెట్టడానికి వేలమంది కావాలి. 1959 ఫిబ్రవరి 4న రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ మొదటి బ్లాస్ట్ ఫర్నేస్‌ను ప్రారంభించేనాటికి ఆ వచ్చినవాళ్ళలో ఎందరో ఇక్కడే వేళ్ళూనుకున్నారు. ఇవాళ దేశంలో రైలు ఎక్కిన ప్రతివాళ్ళూ భిలాయి పట్టాల మీద ఎక్కడో ఒకచోట ప్రయాణించే ఉంటారు.

ఖుర్సీపార్‌ను జోన్ల లెక్కన చెబుతారు, ఒకటి, రెండు, మూడు అని. జీ.ఈ. రోడ్డు మీద లారీల రొద దాటి లోపలికి మళ్ళగానే ఇరుకు వీధులు, అరుగులు, అరుగుల మీద చెరిగిన మినుములు. పాల ప్యాకెట్ల కొట్టు దగ్గర హిందీలో బేరం, పక్క గుమ్మంలో ఉత్తరాంధ్ర యాసలో కేక. నాకు ఆతిథ్యమిచ్చింది నా చిన్ననాటి స్నేహితురాలి అత్తవారిల్లు. ఆవిడ అత్తగారిది పాలకొండ వైపు పల్లె, పెళ్ళయి ఇక్కడికి వచ్చింది. పెనిమిటి ప్లాంటులో చేసి రిటైరై కాలం చేశాడు. నేనూ అత్తమ్మా అనే పిలిచాను. "ఏటమ్మా, రైల్లో ఏటి తిన్నావో ఏటో, ముందు కూకో" అని రాత్రి పదకొండు దాటాక నా ముందు ఉలవచారు, వేడన్నం పెట్టింది. ప్రయాణపు కాగితంలో ఆ పూట నేనేమీ రాసుకోలేదు.

మర్నాడు ఆదివారం సుపేలా సంత. తిండి కోసం తిరిగేవాళ్ళు హోటళ్ళకంటే ముందు చూడవలసింది ఇదే. భిలాయి హోటళ్ళలో దేశమంతటా దొరికే పనీరు కూరే దొరుకుతుంది. ఈ ఊరి వంట సంతలో కుప్పలు పోసి ఉంటుంది, ఇళ్ళల్లో ఉడుకుతుంది. శీతాకాలం కనుక శెనగాకు, లంకపప్పు మొక్క లేత ఆకు కట్టలు కట్టి అమ్ముతున్నారు. ఆకుకూరను ఇక్కడ భాజీ అంటారు. ఛత్తీస్‌గఢ్ వాళ్ళకు భాజీల మీద ఉన్న మక్కువ మనకు పచ్చళ్ళ మీద ఉన్నదానికి సాటి వస్తుంది. ఎర్రటి పూతొడుగులు రాశి పోసుకుని ఒకామె కూర్చుంది. అమారీ అంది. చూస్తే మన గోంగూర పువ్వు. వాళ్ళు దాన్ని పచ్చిమిర్చితో నూరి పచ్చడి చేస్తారు, కొందరు బెల్లం వేస్తారు. అత్తమ్మ ఆకునే కొంటుంది, పువ్వు కొనదు. ఇన్నేళ్ళు ఇక్కడున్నా ఆ పచ్చడి ఆవిడ వంటింట్లోకి రాలేదు. ఆ సాయంత్రం నేనే నూరాను. ఒక ముద్ద తిని, "బాగానే ఉందిలే" అని గిన్నె తన వైపు జరుపుకుంది.

భోగి నాడు తెల్లవారకముందే వీధి మధ్యన మంట వేశారు. చలి గట్టిగా ఉంది. మంట చుట్టూ చేరిన పిల్లలు ఒకరితో ఒకరు హిందీలోనే మాట్లాడుకున్నారు, నాయనమ్మలు పిలిస్తే తెలుగులో పలికారు. వాళ్ళలో తెలుగు చదవగలిగినవాళ్ళు ఎవరన్నా ఉన్నారా అని అడిగితే ఇద్దరు పెద్దపిల్లలు చేతులెత్తారు. వినడానికి మామూలు విషయంలాగే ఉన్నా నాకు చాలా సేపు మనసు మనసులో లేదు. ముగ్గులు మాత్రం ఏ చుక్కా తప్పకుండా పడ్డాయి.

ఎండెక్కాక పాటన్ వైపు ఒక పల్లెకు వెళ్ళాం. పిల్లలు సంచులు భుజాన వేసుకుని, గాదెలోంచి వడ్లు తీసి పెట్టమని పాడుతూ ఇంటింటికీ తిరుగుతున్నారు. ఎవరూ లేదనరు, ఆ రోజు లేదనకూడదు. డబ్బున్న ఇంటి పిల్లాడూ కూలివాళ్ళ పిల్లాడూ ఒకే గుంపులో అడుగుతారు. ఒక ఇంట్లో ముసలాయన చేటలో వడ్లు పెట్టుకుని వాకిట్లోనే కూర్చున్నాడు, పిల్లలు రావడం ఆలస్యమైతే చిన్నబుచ్చుకునేలా ఉన్నాడు. మాకు ఫరా పెట్టారు. అన్నంలో బియ్యప్పిండి కలిపి, వేలెడంత పొడుగున వత్తి, ఆవిరి మీద ఉడికించి, నువ్వులూ మిరపకాయలతో పోపు వేస్తారు. తరవాత బియ్యప్పిండి పూరీ, చౌసేలా. ఈ రాష్ట్రాన్ని వరి గిన్నె అంటారన్నది పుస్తకాల్లో చదివిన సంగతే. రొట్టె దగ్గర్నుంచి పిండివంట దాకా బియ్యమే అయిన విస్తరి ముందు కూర్చుంటే దాని అర్థం వేరు. తూర్పు తీరం వాళ్ళకు ఈ నేల మీద అంత త్వరగా కాళ్ళు నిలవడానికి అన్నం కూడా ఒక కారణమనే నా నమ్మకం.

ఆ రాత్రి అత్తమ్మ అరిసెలు వండింది. తడిపిండి, ముదురు పాకం, నీళ్ళల్లో వేస్తే ఉండ కట్టాలి. పక్కింటి ఛత్తీస్‌గఢ్ ఆవిడకు పళ్ళెం పంపితే, తెల్లారి ఆ పళ్ళెంలోనే ఆవిడ అయిర్సా పంపింది. అదీ బియ్యప్పిండీ బెల్లమే, అదీ నూనెలో వేగిందే. మనం రెండు గరిటెల మధ్య వత్తి నూనె తీస్తాం. ఆవిడ వత్తలేదు, అందుకని అది పొంగి మెత్తగా ఉంది. రెంటినీ పక్కపక్కన పెట్టుకుని తిన్నాను. మోడెనాలో రెండిళ్ళ పీపాల రుచి పోల్చి చూడడానికి జనం విమానమెక్కి పోతారు. అలాంటి పని ఖుర్సీపార్‌లో ఒక గోడకు ఇటూ అటూ జరుగుతోంది.

పండగ పూట సెక్టార్ 5లో బాలాజీ మందిరానికి వెళ్ళాం. భిలాయి తెలుగువాళ్ళ ఆంధ్ర సాహిత్య సమితి నడిపే గుడి అది. ప్లాంటు కోసం వచ్చిన ప్రతి జనమూ ఈ టౌన్‌షిప్‌లో తన గుడీ తన వంటా వెంట తెచ్చుకుంది. సెక్టార్ 4లో ఒడియావాళ్ళ జగన్నాథుడు, సెక్టార్ 2లో మలయాళీల అయ్యప్ప, సెక్టార్ 6లో బెంగాలీల కాళీబాడీ, గురుద్వారా, జామా మసీదు. తీరిగ్గా తిరిగితే దేశంలో సగం వంటిళ్ళు ఒక్క ఊళ్ళోనే తగులుతాయి.

కనుమ నాడే రాయ్‌పూర్ వెళ్దామనుకున్నాను. గానీ కనుమ నాడు కాకైనా కదలదని అత్తమ్మ కదలనివ్వలేదు. మినపగారెలు, నాటుకోడి పులుసు. తిండి చుట్టూ వేసుకున్న ప్రయాణం వండేవాళ్ళ మాటకు లోబడాలి, కాగితం మీద రోజొకటి అటుఇటైనా సరే.

మర్నాడు పవర్ హౌస్ స్టేషన్‌లో లోకల్ ఎక్కాం. 1992 జులై 1న ఇక్కడే, హక్కులు అడుగుతూ పట్టాల మీద కూర్చున్న కార్మికుల మీద పోలీసులు కాల్పులు జరిపారు. అంతకు కొన్ని నెలల ముందు, 1991 సెప్టెంబర్‌లో, వాళ్ళ నాయకుడు శంకర్ గుహా నియోగిని భిలాయిలోనే చంపేశారు. ఆ ప్లాట్‌ఫాం మీద రైలు కోసం నిలబడినంతసేపూ నేను మాట్లాడలేకపోయాను. ఈ ఊరి సంస్కృతి రాసేవాళ్ళు దీన్ని దాటవేయకూడదు.

రాయ్‌పూర్‌లో మహంత్ ఘాసీదాస్ మ్యూజియం ఆవరణలోనే గఢ్ కలేవా ఉంది. మహిళా సంఘం నడిపే ఛత్తీస్‌గఢ్ వంటల తావు. ఇళ్ళకు పిలిచేవాళ్ళు లేని యాత్రికులకు ఇంతకంటే మంచి చోటు లేదు. చీలా, ఫరా, సెనగపిండి ఠేఠ్రీ, బెల్లం ఖుర్మీ అన్నీ ఒక్కచోట దొరుకుతాయి. ఈ నగరంలోని ఇందిరాగాంధీ వ్యవసాయ విశ్వవిద్యాలయం 23 వేలకు పైగా వరి రకాల విత్తనాలు దాచి ఉంచింది. ఆ సేకరణకు పునాది వేసిన శాస్త్రవేత్త ఆర్.హెచ్. రిచారియా. నగరీ దుబ్‌రాజ్ అనే సన్నని సువాసన బియ్యం కొంత కొన్నాను. 2023లో దానికి భౌగోళిక గుర్తింపు వచ్చింది.

చంపారణ్‌కు రాజిమ్ మీదుగా వెళ్ళాం, మహానది, పైరీ, సోంఢూర్ కలిసే చోటు దాటి. పుష్టిమార్గాన్ని స్థాపించిన వల్లభాచార్యులు 1479లో ఇక్కడే పుట్టారంటారు. తెలుగు బ్రాహ్మణ కుటుంబం, తల్లి ఇల్లమ్మ, తండ్రి లక్ష్మణ భట్టు. కాశీ మీద దాడి జరుగుతుందన్న భయంతో దక్షిణానికి వస్తుండగా దారిలో ఈ అడవిలో ప్రసవం అయిందని సంప్రదాయం. ఆయన మార్గంలో కృష్ణుడు ఇంట్లో పిల్లాడు, సేవ అంటే ఆ పిల్లాడికి వేళకు వండి పెట్టడం. రాజభోగం, అన్నకూటం, ఛప్పన్ భోగ్ అని గుజరాత్, రాజస్థాన్ గుళ్ళల్లో విస్తరించిన ఆ వంటల వైభవానికి మూలపురుషుడు దారిన పోతున్న ఒక తెలుగు తల్లి బిడ్డ. గుడి ఆవరణలో చుట్టూ గుజరాతీ యాత్రికులే. ఆంధ్ర నుంచి వచ్చానంటే ఒక పెద్దావిడ నా చేతులు పట్టుకుని, ప్రసాదం మరో దొన్నె పెట్టించింది. మన ఊళ్ళ నుంచి ఇక్కడికి వచ్చేవాళ్ళు ఇంత తక్కువమంది ఎందుకో నాకు అంతుపట్టడం లేదు. భిలాయి తెలుగువాళ్ళలో కూడా చూసినవాళ్ళు కొద్దిమందే. అత్తమ్మ మొదటిసారి నాతో వచ్చింది.

రాజ్‌నంద్‌గావ్‌కు ఒక పూటే మిగిలింది. 1956లో ఖైరాగఢ్ రాజప్రాసాదంలో మొదలైన ఇందిరా కళా సంగీత విశ్వవిద్యాలయం చూడాలంటే అక్కణ్ణించి ఇంకా లోపలికి వెళ్ళాలి, అది ఈసారికి కుదరలేదు. పండవానీ అయినా విన్నాను. తంబూరా చేతబట్టి, దాన్నే గదగా, ధనుస్సుగా మార్చుతూ మహాభారతం చెప్పే కళ. నిలబడి ఆడుతూ చెప్పే పద్ధతి మగవాళ్ళదిగా ఉన్న రోజుల్లో దాన్ని పట్టుకుని ప్రపంచం తిరిగిన తీజన్ బాయి భిలాయి దగ్గరి గనియారీ ఊరి ఆడపడుచు. భిలాయి ప్లాంటులోనే ఉద్యోగం చేసింది, 2019లో పద్మవిభూషణ్ అందుకుంది. బుర్రకథ విని పెరిగినవాళ్ళకు పండవానీలో వంతపాట అందుకునే తీరు వినగానే ఒళ్ళు పులకరిస్తుంది.

తిరిగి వచ్చే ముందు అత్తమ్మతో కలిసి రెండో కాగితం రాశాను. శ్రావణ అమావాస్య మనకు పోలాల అమావాస్య, కంద మొక్కకు పూజ. అదే రోజు ఇక్కడివాళ్ళకు పోరా, మట్టి ఎడ్లకు పూజ చేసి ఠేఠ్రీ, ఖుర్మీ వండుతారు. ఆ తరవాత తదియకు తీజా, ఆడపిల్లలు పుట్టింటికి వచ్చి ముందురోజు కాకరకాయ కూరతో అన్నం తిని ఉపవాసం పట్టే పండగ. మర్నాడే వినాయక చవితి. అమావాస్యకు ముందు రోజు మధ్యాహ్నం విశాఖలో రైలెక్కాలి. ఖైరాగఢ్‌ను మొదట పెట్టుకోవాలి. పక్కింటి ఆవిడ కాకరకాయ కూర నేర్పిస్తానంది, అయిర్సా పిండి ఎలా కలపాలో కూడా.